పాటు వేళ

ఈ పెళ్ళికి ముహూర్తం పెట్టింది
పాదిరిగారు కాదు, సముద్రం.
క్లిఫ్డెన్ మందుల షాపులో ఊరికే ఇచ్చే
ఆటుపోట్ల చిన్న పుస్తకంలో
జూన్ పేజీకి మడత పెట్టి
మా అక్క నా చేతికిచ్చింది:
"బస్సు తోలేదానివి నువ్వేగా, చూసుకో."

పదకొండూ పదికి ఇసక తేలుతుంది.
మూడూ నలభైకి మునుగుతుంది.
ఆ మధ్యలో ఎనభై నాలుగు మందిని
ఇనిష్‌కార్రా దీవికి దాటించాలి.
చర్చి గోడ పక్కన ఆరు కార్లకే చోటు.
మళ్ళీ దారి తెరుచుకునేది
రాత్రి పదకొండున్నర దాటాకే.
ఆలస్యమైనవాళ్ళు అలలకి చెప్పుకోవాలి.

లైట్రిమ్ నించి వచ్చే పెళ్ళికొడుకు వైపువాళ్ళకి
సముద్రం అంటే క్యాలెండర్ బొమ్మ.
"వంతెన లేదా?" అని మూడుసార్లు ఫోన్ చేశారు.
"ఉందండీ, రోజుకి రెండు సార్లు" అన్నాను.

రెండు వారాలు వంటింటి బల్ల మీద
ఎండు బఠాణీలు పరిచి లెక్క కట్టాను.
గింజకో మనిషి.
నా స్కూలు బస్సులో ఇరవై తొమ్మిది సీట్లు,
అన్నీ పదేళ్ళ పిల్లల పిర్రలకి కొలిచినవే.
ఫుట్‌బాల్ క్లబ్బు వ్యానులో పదహారు,
బూట్ల వాసన ఉచితం.
రెండేసి ట్రిప్పులు.

ఫిడేలు వాళ్ళని విడదీయకూడదు.
నెలలు నిండిన డెర్వ్లాని
వెనక చక్రం మీద కూర్చోబెట్టకూడదు.
బాబిన్ పిన్ని తుంటిలో ఉక్కు కీలు,
మెట్టు దగ్గర ఎవరో ఒకరు ఉండాలి.
ఇక కోల్మన్, ఫెస్టీ.
ఒక తల్లి బిడ్డలే.
పొయ్యిలోకి బురదమట్టి కోసుకునే గట్టు
ఎవరిదన్న దగ్గర తెగి
పదకొండేళ్ళుగా మాటల్లేవు.
ఒకరికి బస్సు, ఒకరికి వ్యాను.
ఆ రెండు గింజల్నీ
బల్లకి ఆ కొసనా ఈ కొసనా పెట్టాను.

శనివారం మొదటి ట్రిప్పు
నేతి మీద గరిటెలా సాగింది.
పాతిన గడకర్రల వెంట మేం పోతుంటే
తడి ఇసకలో తలకిందులుగా
ఇంకో బస్సు మాతోనే వచ్చింది.

రెండోసారి ఒడ్డున
క్లచ్ పెడల్ నేలకి అంటుకుంది.
తన్నాను. తిట్టాను. బతిమాలాను.
లోపల ఇరవై ముగ్గురు, వాళ్ళలో పాదిరిగారు.
ఆయనకి నాలుగింటికి ఈ ఒడ్డున
ఎవరినో మట్టిలో పెట్టే పని కూడా ఉంది.

నాచు తోలే ట్రాక్టరుతో
పదహారేళ్ళ టైగ్ వచ్చాడు.
ట్రాలీలో గడ్డిమోపులు, వాటి మీద
మా అక్క బల్లగుడ్డలు రెండు.
పట్టు గౌన్లు ఎత్తిపట్టుకుని
లైట్రిమ్ ఆడవాళ్ళు ఎక్కారు.
బాబిన్ పిన్ని ఎక్కలేదు. చూస్తూ నిలబడింది.

వ్యానులోంచి ఫెస్టీ దిగాడు.
ఏమీ అనకుండా ఆవిడకి తన సీటు చూపించి
నడిచి వచ్చి ట్రాలీలో కూర్చున్నాడు.
కూర్చున్నాకే చూశాడు, ఎదురుగా కోల్మన్.

నా లిస్టు అప్పటికే గాలికి ఎగిరింది.
మిగిలింది కేకు.
మూడంతస్తులు. దాని పళ్ళెం
ఒక్కడి ఒడిలో పట్టదు.
ఇద్దరి మోకాళ్ళ మీదా పెట్టాను.
వేరే మోకాళ్ళు ఖాళీ లేవు మరి.

ట్రాక్టర్ ఇసక చాళ్ళ మీద దడదడలాడింది.
"ఎత్తు."
"నీ వైపు."
"దించు, దించు."
"పట్టుకున్నాలే."
అవి కేకుతో అన్నారో
ఒకరితో ఒకరు అన్నారో
నేను అడగలేదు.
గ్రాన్యా మెడలో పూసల్లాంటి ముత్యాలు
కేకు అంచున ఒక్కటీ రాలలేదు.

పన్నెండింటికి రాత్రి, లాంతర్లతో తిరుగు ప్రయాణం.
నిద్ర ఎటు తూగితే అటు కూర్చున్నారు జనం.
ఈసారి కేకు లేదు.
అన్నదమ్ములు ట్రాలీకి చెరో మూల.
మధ్యలో ఎవరిదో చెప్పు ఒకటి
అటూ ఇటూ దొర్లుతూ వచ్చింది.

మర్నాడు బఠాణీలు నానబెట్టి
పులుసు కాచాను.
ఎనభై మూడే ఉన్నాయి.
ఒకటి పొయ్యి కిందికి పోయినట్టుంది.
ఉడికాక
ఎవరు ఎవరో నాకూ తెలియలేదు.